ఎక్స్‌బాక్స్ 360: మూడు ఎర్ర దీపాల లోపం

ఆటలు పదేపదే మధ్యలో ఆగిపోయి, చివరికి పవర్ బటన్ చుట్టూ ఉన్న నాలుగు దీపాల్లో మూడు ఎర్రగా వెలిగి ఆరుతుండే హార్డ్‌వేర్ వైఫల్యమిది. మైక్రోసాఫ్ట్ ఈ గేమ్ కన్సోల్‌ను 2005 నవంబరులో విడుదల చేసింది. 2007 జులైలో ఈ లోపానికి వారంటీని మూడేళ్లకు పెంచి, అందుకు వంద కోట్ల డాలర్లకు పైగా కేటాయించింది. ఒకే ఆట ఆగిపోతుంటే డిస్క్ మీద గీతలనో, పాడైన సేవ్ ఫైల్‌నో అనుమానించవచ్చు. హార్డ్ డిస్క్ తీసేసి వేరే ఆటలు పెట్టినా తెర బిగుసుకుపోతుంటే మాత్రం అనుమానం మదర్‌బోర్డు మీదికి మళ్లాలి.

అధిక వేడే కారణమని, ఫ్యాన్ శుభ్రం చేస్తే చాలని ఒక వాదన ఉంది. దుమ్ము దులపడం మంచిదే. కానీ తప్పు వేడి ఒక్కదానిదే అయితే, చల్లారాక యంత్రం మామూలుగా నడవాలి; ఇక్కడ అలా జరగదు. ఆన్ చేసినప్పుడు వేడెక్కి, ఆపినప్పుడు చల్లబడే క్రమంలో చిప్‌ల లోపలి అతుకులు వ్యాకోచ సంకోచాలకు లోనై విరిగేవని సంస్థ 2021లో విడుదలైన డాక్యుమెంటరీలో వివరించింది. కన్సోల్‌ను తువాలులో చుట్టి వేడెక్కిస్తే మళ్లీ పనిచేసేదని కొందరంటారు. అది కొన్నిసార్లు నిజమే అయినా మరమ్మతు కాదు. ఇలాంటి టంకం కరగాలంటే 200 డిగ్రీల సెల్సియస్ దాటాలి. తువాలు అంత వేడి పుట్టించలేదు. విరిగిన కొసలు కాసేపు తగులుకుంటాయంతే. పైగా ఆ వేడి మిగతా అతుకులనూ బలహీనపరుస్తుంది. కాబట్టి ఇది వాడకందారు నిర్లక్ష్యం కన్నా నిర్మాణ లోపమనడమే సబబు.