బిడ్డల పేర్లు – అర్థనిర్ణయ చరిత్ర

బిడ్డకు పెట్టు పేరు అర్థసమన్వితమై యుండవలెనను పట్టుదల మన దేశమున మిక్కిలి ప్రాచీనమైనది. ఆడపిల్ల పేరు సుఖోచ్చారణమును, స్పష్టార్థమును కలదై, దీర్ఘాంతమై యుండవలెనని మనుస్మృతి విధించెను. పతంజలి మహర్షి మహాభాష్యమున యాజ్ఞికుల మర్యాద నుదాహరించుచు, మగబిడ్డ పేరు ఘోషాక్షరముతో మొదలై, రెండుగాని నాలుగుగాని అక్షరములు కలదై, కృదంతమే కావలెనుగాని తద్ధితాంతము కారాదనెను. వ్యాకరణ మెరుగనివానికి ఈ భేదము తెలియదు గనుక, నామకరణమును ఆయన వ్యాకరణాధ్యయన ప్రయోజనములలో నొకటిగ పరిగణించెను. పేరును పరీక్షించియే పెట్టవలెనను ఊహ నాటికే స్థిరపడినదన్నమాట.

శాస్త్రమర్యాద యిట్లుండ, చేవెళ్ల, మొయినాబాదు పల్లెలలో పేర్లు మరియొక త్రోవను వచ్చినవి. పోచమ్మకు మ్రొక్కిన యింట పోచయ్య, ఎల్లమ్మను కొలిచిన యింట ఎల్లయ్య, చిలుకూరి వేంకటేశ్వరుని నమ్మిన యింట వెంకటయ్య పుట్టిరి. మొయినాబాదు మండలమందలి పెద్దమంగళారమున 1890లో జన్మించిన కొండా వెంకట రంగారెడ్డి పేర వేంకటేశుడును రంగనాథుడును కలరు. 1978లో ఆయన పేరే జిల్లాకు పేరైనది. పుట్టిన బిడ్డలు దక్కని తల్లులు, ఈ కడుపుపంటనైనను మృత్యువు చేకొనకుండుటకై, శిశువును పెంటకుప్పపై పరుండబెట్టి మరల నెత్తుకొని పెంటయ్య, పెంటమ్మ యని పిలిచికొనిరి. పదము నొక్కదానినే చూచువానికి ఇది హీనముగ దోచును. ఆ తల్లి కడుపుకోత నెరిగినచో ఇంతకంటె వాత్సల్యపూర్ణమైన పేరు వేరొకటి లేదని నేను నమ్ముదును. కొత్తూరు చెంతనున్న జహంగీరు పీర్ల దర్గాకు మ్రొక్కి కనిన బిడ్డకు హిందువుల యిండ్లలోను జహంగీరని పేరుంచుట కలదు. పారసీకమున ఆ పదమునకు లోకమును చేపట్టినవాడని అర్థము. కాని బిడ్డకు ఆ పేరు వచ్చినది మ్రొక్కు వలన. కావున పేరునకు రెండు సాక్ష్యములు కావలెను: పదమునకు నిఘంటువు, పెట్టిన కారణమునకు ఇంటి పెద్దలు.

1852లో బ్రౌను నిఘంటువును, 1885లో శబ్దరత్నాకరమును వెలువడిన పిమ్మట మొదటి సాక్ష్యము చదువరులకు సులభమైనది. నేడు వానిని తెరచువారు అరుదు. సాన్వి యనగా లక్ష్మి యని పేర్ల పుస్తకములు చెప్పుచున్నవి; అమరకోశమందలి లక్ష్మీనామములలో ఇందిర, రమ, కమల కలవుగాని సాన్వి లేదు. కియారా యన్నచో ఇటలీవారికి తేట, వెలుగు. దానిని పోలిన ఐర్లండు పేరునకు నల్లనిదని అర్థము. రెంటికిని సంస్కృతము మూలము కాదు.

1969 నాటి జనన మరణముల నమోదు చట్టము ప్రకారము జననమును ఇరువదియొక్క దినములలోపల తెలుపవలెను. తొట్టెల వేయు నాటికి పేరు కుదరకున్నను, సంవత్సరము లోపల రుసుము లేకయే దానిని చేర్పించుకొనవచ్చును. నమోదు చేయు అధికారి అక్షరములను వ్రాయునేగాని అర్థమును విచారింపడు. ఆ విచారణ తల్లిదండ్రులదే. పాఠశాలలోని తెలుగు పంతులును, ఇంటనున్న నాయనమ్మను అడిగి తెలిసికొనుటకు ఆ సంవత్సరకాలము ధారాళముగ చాలును.