ఎయారెండిల్ నక్షత్రము

ఆంగ్ల రచయిత జె. ఆర్. ఆర్. టోల్కీన్ (1892–1973) కల్పించిన ప్రపంచమున, ఉభయసంధ్యలయందును సకల నక్షత్రములను మించి వెలుగు జ్యోతి ఇది. మనము వేగుచుక్క యని పిలుచు శుక్రుడే యిదియని రచయిత యుద్దేశము. అయినను అతని కథలలో నిది గ్రహము గాదు, నుదుట మణిని ధరించి, నావ నెక్కి, గగనసముద్రమున నిరంతరము సంచరించు నొక నావికుడు. టోల్కీన్ జగత్తులో సూర్యచంద్రులకును జన్మవృత్తాంతము లున్నవి గాని, మానవుల దుఃఖముతో నింతగా ముడివడిన చరిత్ర ఈ చుక్కకే కలదు.

దీని పుట్టుకకు మూలము పాత ఆంగ్లకావ్య మొకటి. పదవ శతాబ్దమున లిఖింపబడి నేటికిని ఎక్సెటర్ ప్రధాన దేవాలయ గ్రంథాలయమున భద్రముగా నున్న వ్రాతప్రతిలో, క్రీస్తును గూర్చిన పద్యములలో, ‘ఎయారెండెల్’ అను పేర నొక తేజస్సును కవి సంబోధించెను. ఆక్స్‌ఫర్డు విద్యార్థిగా నా పంక్తులను చదివిన టోల్కీన్‌ను ఆ నామము వెంటాడినది. 1914 సెప్టెంబరులో, మొదటి ప్రపంచ సంగ్రామ మారంభమైన కొలది వారములకే, నాటింగ్‌హామ్ చేరువనున్న గెడ్లింగ్ గ్రామమున పినతల్లి వ్యవసాయ క్షేత్రమునందుండగా, 22 ఏండ్ల యా యువకుడు పడమటి యాకాశమున నావ నడుపు సాంధ్యతారను గూర్చి పద్యము రచించెను. నాటికి ఆతని నవలలలోని హాబిట్లను పొట్టిజనులు లేరు, మాయాంగుళీయకము లేదు. తరువాత అర్ధశతాబ్దికి పైగా పెరిగిన పురాణమంతయు నీ పద్యమునకు వెనుక వచ్చినదే.

తొలి రూపమున నీ నావికునకు మణి లేదు. నిర్జనమైన, ఎల్ఫులను అమరజాతివారి నగర వీథులలో నడచునపుడు వస్త్రములకు, పాదరక్షలకు నంటిన వజ్రధూళియే యాతని తేజస్సు. మణితోడి సంబంధము తరువాతి పాఠములలో నేర్పడి, కథకు గాంభీర్యమును సమకూర్చినది. ఎల్ఫులలో మహాశిల్పియైన ఫెయానోర్, సూర్యచంద్రులు పుట్టకమునుపు లోకమును వెలిగించిన రెండు దివ్యవృక్షముల కాంతిని సిల్మరిల్లులను మూడు మణులయందు నిక్షేపించెను. మోర్గోత్ అను దుష్టదేవత ఆ వృక్షములను కూల్పించి, మణులను హరించి, ఇనుప కిరీటమున పొదిగించుకొనెను. వానిని మరల సాధింతుమని ఫెయానోర్ తన యేడ్గురు పుత్రులతో గూడ పట్టిన శపథము యుద్ధములకును, బంధుహత్యలకును దారితీసినది. బెరెన్, లూథియెన్ అను దంపతులు ప్రాణములకు తెగించి యొక మణిని విడిపింపగా, అది వంశక్రమమున వారి మనుమరాలైన ఎల్వింగ్‌కు సంక్రమించినది.

ఇచ్చట కథ నిలిచి చూడదగినది. ఫెయానోర్ పుత్రులు తన రేవుపట్టణముపై బడినపుడు, ఎల్వింగ్ మణితోగూడ సముద్రమున కుఱికెను. జలాధిదేవత యామెను తెల్లని పక్షిగా మార్చగా, భర్తయైన ఎయారెండిల్ యోడను వెదకుచు రాత్రియంతయు నెగిరి, సొమ్మసిల్లి వింగిలోట్ అను నా నావపై బడినది. ఎయారెండిల్ ఆ పక్షిని గుండెల కదుముకొనెను. తెల్లవాఱునప్పటికి భార్య నిజరూపమున తన ప్రక్కన నిద్రించుచుండెను. ఆ మణి దారిచూపగా నాతడు మర్త్యులకు నిషిద్ధమైన, దేవతల నివాసమగు వాలినోర్ తీరమును చేరి, ఎల్ఫుల కొఱకును, మానవుల కొఱకును దేవతలను క్షమాభిక్ష వేడుకొనెను. ప్రార్థన ఫలించినది, కాని యాతనికి తిరిగివచ్చు మార్గము మూసికొనిపోయినది. పావనమైన యా నావను దేవతలు గగనమున కెత్తిరి.

నూతన తార పడమట నుదయించినపుడు దిక్కులేని ప్రజలు దానిని ఆశాచిహ్నముగా భావించిరి. ఫెయానోర్ పుత్రులలో మిగిలిన యిద్దఱు సోదరులు సైతము దానిని చూచి తమ తండ్రి మణియని గుర్తించిరి. ఇన్ని హత్యలకు హేతువైన మణి యెవ్వరి చేతికిని అందని చోటికి చేరినందుననే యెల్లవారిదైనది. టోల్కీన్ పురాణమున నింతకంటె లోతైన భావము నాకు కనబడదు.

అటుపిమ్మట మోర్గోత్‌పై జరిగిన మహాయుద్ధమున ఎయారెండిల్ అంకలగోన్ అను ఘోరసర్పమును కూల్చెను. రెండవ యుగమున, శిష్టులైన మానవులు నూమెనోర్ ద్వీపమునకు సముద్రయానము చేయునపుడు ఈ తారయే వారికి దిక్సూచి. ఉదయ కాంతిలోను కానవచ్చునంత ప్రకాశముతో నది వారికి ముందు నిలిచినది.

మూడవ యుగ కథయైన ‘ది లార్డ్ ఆఫ్ ది రింగ్స్’ (1954–55) పాఠకులకు దీనిని చేరువ చేసినది. ఎల్ఫుల రాణి గలాద్రియెల్ తన జలకుండమున బట్టిన యీ నక్షత్రకాంతిని చిన్న స్ఫటికపు బుడ్డిలో నింపి, అంగుళీయకమును మోయు హాబిట్ యగు ఫ్రోడోకు కానుకగా నిచ్చెను. షీలోబ్ అను రాక్షసి సాలీడు గుహలో, చీకటి యూపిరాడనీయనపుడు, ఆ బుడ్డి మొదట మినుకుమినుకుమని, ధరించినవాని ధైర్యముతో బాటు వెలుగు పెంచుకొనినది. ఫ్రోడో సేవకుడైన సామ్, ఆ కాంతి యే మణిదో స్మరించి, బెరెన్ నాటి కథ యింకను ముగియలేదనియు, తామును అందలి పాత్రలమే యనియు గ్రహించును. అయినను అంగుళీయకము పుట్టిన యగ్నిపర్వత గర్భమున నా బుడ్డి వెలుగక చల్లబడిపోయినది. తన ప్రియతమ జ్యోతికిని హద్దు నేర్పఱచిన రచయిత నిజాయితీ యిచ్చట తెల్లమగుచున్నది.

ఇదే గ్రంథమున ఫ్రోడో బంధువైన బిల్బో పాడిన ఎయారెండిల్ గీతము, 1933లో టోల్కీన్ ప్రకటించిన యొక వినోదపద్యమునుండి పలుమారులు మార్పు చెంది యవతరించినది. ఈ నావికుని పూర్తి గాథ మాత్ర మాతని చేతులలో ముగియలేదు. తండ్రి మరణానంతరము క్రిస్టొఫర్ టోల్కీన్ వ్రాతప్రతులను పరిష్కరించి 1977లో ప్రకటించిన ‘ది సిల్మరిలియన్’ గ్రంథమున సంగ్రహకథ వెలువడగా, 1914 నాటి పద్యము 1984లో ప్రకటితమైనది. 2022లో హబుల్ దూరదర్శినితో గుర్తించి, 1290 కోట్ల సంవత్సరములు పయనించిన కాంతి గల నక్షత్రముగా ప్రకటించిన దూరజ్యోతికి ఖగోళ శాస్త్రజ్ఞులు ‘ఎయారెండెల్’ అని నామకరణము చేసిరి.