ఐ.పి., ఈ.పి.: డిక్రీ అమలులో దివాలా చట్టం స్థానం

'ఐ.పి. పెట్టడం' అంటే అప్పు ఎగవేయడమనే అర్థం తెలుగు వ్యవహారంలో స్థిరపడింది. దివాలా పిటిషనుకు న్యాయస్థానాలలో వాడే ఆంగ్ల సంక్షిప్తరూపమే ఈ మాటకు మూలం. డిక్రీ అమలు కోరుతూ ఋణదాత వేసే దరఖాస్తును కోర్టు దస్త్రాలలో 'ఈ.పి.' అంటారు. మొదటి మాట జాతీయంగా మారింది. రెండవది కోర్టు ఆవరణను అంతగా దాటలేదు. అందువల్ల ఈ రెండింటికీ గల సంబంధం మరుగున పడింది. చట్టచరిత్రను పరిశీలిస్తే ఐ.పి. ఈ.పి.కి విరోధిగా కాక, దాని నుండే పుట్టినట్లు తెలుస్తుంది.

1882 నాటి సివిల్ ప్రొసీజర్ కోడ్ 344వ సెక్షను ప్రకారం, డబ్బు డిక్రీ అమలులో అరెస్టయినవాడు, చెరలో ఉన్నవాడు, ఆస్తి జప్తు ఉత్తర్వుకు గురైనవాడు తనను దివాలాదారుగా ప్రకటించమని కోరవచ్చు. అంటే ఋణదాత తీసుకున్న అమలు చర్యే ఋణగ్రస్తునికి ఆ అర్హతను కల్పించింది. 1907లో రాష్ట్రీయ దివాలా చట్టం వచ్చి ఈ విషయాన్ని కోడ్ నుండి వేరుచేసింది. దాని స్థానంలో వచ్చిన 1920 చట్టం మద్రాసు నగరానికి వెలుపలి ఆంధ్ర జిల్లాలకు వర్తించింది. అందులోని 10వ సెక్షను, బాకీలు 500 రూపాయలకు చేరినవారితోపాటు, అరెస్టు, జప్తులకు గురైనవారికీ పాత అర్హతను నిలిపింది. 1908 కోడ్ 55వ సెక్షను మరొక అడుగు ముందుకు వేసి, అరెస్టయిన ఋణగ్రస్తునికి ఈ మార్గం ఉన్నదని తెలిపే బాధ్యతను కోర్టుపైనే ఉంచింది.

ఇందువల్ల నష్టపోయినవాడు ముందుగా మేల్కొన్న డిక్రీదారు. అతడు దావా గెలిచి, పొలం జప్తు చేయించినా, వేలానికి ముందే దివాలా పిటిషను స్వీకరింపబడితే 51వ సెక్షను ప్రకారం ఆ అమలు ఫలం రిసీవరును కాదని అతనికి దక్కదు. దావా ఖర్చులకు, అమలు ఖర్చులకు మాత్రం ఆ ఆస్తిపై 52వ సెక్షను మొదటి హక్కు ఇచ్చింది. దివాలా ప్రకటన వెలువడిన పిమ్మట, కోర్టు అనుమతి లేకుండా సామాన్య ఋణదాతలెవరూ విడిగా వసూలుకు పూనుకోరాదు. తాకట్టు పొందినవాని హక్కు చెక్కుచెదరదు. ప్రాధాన్యం గల బాకీలు పోను, మిగిలిన ఆస్తిని ఋణదాతలు దామాషా ప్రకారం పంచుకోవాలి.

ఎగవేతను చట్టం ఉపేక్షించలేదు. పిటిషనుకు ముందు రెండేళ్లలో తగిన ప్రతిఫలం లేకుండా బంధువుల పేర జరిగిన బదిలీలను 53వ సెక్షను కింద, ఒక ఋణదాతకు పక్షపాతంతో మూడు నెలలలో జరిపిన చెల్లింపులను 54వ సెక్షను కింద రద్దు చేయించవచ్చు. విమోచన ఉత్తర్వు వచ్చినా మోసంతో తెచ్చిన అప్పు తీరిపోదు.

కనుక డిక్రీని నిరర్థకం చేయడం ఈ చట్టం ఉద్దేశం కాదు. ఒకరి వసూలును అందరి పంపకంగా మార్చడమే దాని పని. జనవ్యవహారంలోని 'ఐ.పి.' ఋణగ్రస్తుని తప్పించుకోవడాన్ని మాత్రమే గుర్తుంచుకొన్నది. ఋణదాతలు తమలో తాము పడిన పోటీని, దానిని ఆపేందుకు చట్టం చేసిన ప్రయత్నాన్ని మరచిపోయింది. సాహిత్యంలోనూ వ్యవహారంలోనూ ఈ మాట ఎదురైనప్పుడు దాని వెనుక ఒక ఈ.పి. ఉన్నదేమోనని పరిశీలించడం అర్థనిర్ణయానికి అవసరం.