క్రిస్ప్: ఆపిల్ మీద ఓట్స్ అటుకులు

తరిగిన ఆపిల్ ముక్కల మీద వెన్న, చక్కెర, పిండి, ఓట్స్ కలిపిన పొడిపొడి మిశ్రమం చల్లి ఓవెన్‌లో కాల్చిన వంటకాన్ని అమెరికాలో క్రిస్ప్ అంటారు. చూడటానికి అమ్మమ్మల అమ్మమ్మల నాటిదిలా ఉంటుంది గాని, వయసులో చిన్నదే. 1896లో వచ్చిన ఫానీ ఫార్మర్ వంటల పుస్తకంలో ఈ పేరు లేదు. 1924లో ఇసబెల్ ఈలీ లార్డ్ రాసిన ‘ఎవ్రీబడీస్ కుక్ బుక్’లో ఉంది. దీనికి పెద్దవాళ్లనదగ్గ వంటకాలు వేరే ఉన్నాయి: పళ్ల మీద పిండిముద్దలు పెట్టి కాల్చే కాబ్లర్ ఒకటి, ఎండిన రొట్టె పొడిని పళ్లతో పొరలుగా పేర్చే బ్రౌన్ బెట్టీ ఇంకొకటి. బెట్టీ పేరు 1864 నాటికే అచ్చులో కనిపిస్తుంది.

ఆపిల్ స్వస్థలం మధ్య ఆసియాలోని టియాన్‌షాన్ కొండలు. అమెరికాకు అది 17వ శతాబ్దంలో యూరప్ వలసదారుల వెంట వెళ్లింది. అయితే ఓట్స్ చల్లిన క్రిస్ప్ రావడానికి తోట ఒక్కటే చాలలేదు, మిల్లు కూడా కావలసి వచ్చింది.

19వ శతాబ్దం మధ్య వరకు అమెరికాలో ఓట్స్ ఎక్కువగా గుర్రాల దాణా. ఓహాయో రాష్ట్రంలోని ఏక్రన్‌లో కిరాణా కొట్టు నడిపిన జర్మన్ వలసదారు ఫెర్డినాండ్ షూమాకర్ 1850లలో వాటిని విసిరి మనుషుల తిండిగా అమ్మసాగాడు. అంతర్యుద్ధంలో సైన్యం కొనుగోళ్లతో ఆ వ్యాపారం పుంజుకుంది. ఓట్స్‌తో ఒక చిక్కుంది. గోధుమ కంటే వీటిలో కొవ్వు ఎక్కువ. గింజ నలగగానే అందులోని ఎంజైము ఆ కొవ్వును విరిచి చేదెక్కిస్తుంది. ఆవిరిపడితే ఎంజైము ఆగిపోతుంది, గింజ మెత్తబడుతుంది. అప్పుడు రోలర్ల మధ్య నొక్కితే పలుచని రేకవుతుంది. వడ్లు నానబెట్టి, వేయించి, దంచి అటుకులు చేసే తెలుగువారికి ఈ కిటుకు కొత్తగా అనిపించదు. 1877లో నమోదైన క్వేకర్ అనే ఓట్స్ వ్యాపార గుర్తు తర్వాత హెన్రీ క్రోవెల్ అనే వ్యాపారి చేతికి వచ్చింది. పీపాల్లోంచి తూచి అమ్మే సరుకును ఆయన అట్టపెట్టెల్లో పెట్టి ఊరూరా అమ్మాడు. దాణా అలా వంటింటి అలమరలోకి చేరింది.

పై పొర కరకరలాడటానికి కారణం ఆ రేకే. గోధుమపిండిని తడిపి పిసికితే గ్లూటెన్ సాగి ముద్ద కడుతుంది. ఓట్స్‌కు ఆ గుణం లేదు. వెన్న రేకులకు పూతలా పట్టి తడిని కొంత అడ్డుకుంటుంది, చక్కెర కరిగి ఎర్రబడి ఇక్కడొకటి అక్కడొకటిగా అతికిస్తుంది. రేకుల సందుల్లోంచి పండు ఆవిరి బయటికి పోతుంది, అంచుల వెంట రసం పొంగి పాకంలా చిక్కబడుతుంది. పొయ్యి దిగాక కూడా కింది ముక్కల తడి పైకెక్కుతూనే ఉంటుంది. మర్నాటికి కరకర ఉండదు. వేడిగా తినమనేది అందుకే.

బ్రిటన్‌లో దీని తోబుట్టువు క్రంబుల్. అక్కడ ఓట్స్ వేయాలన్న నియమం లేదు, పిండి, వెన్న, చక్కెర చాలు. రెండో ప్రపంచ యుద్ధకాలపు వంటకంగా దానికి పేరు. 1940 జనవరి 8న వెన్న, చక్కెర రేషన్‌లోకి వచ్చాయి. మనిషికి వారానికి వెన్న మొదట 4 ఔన్సులు, అంటే సుమారు 113 గ్రాములు. ఒక దశలో 2 ఔన్సులకు పడిపోయింది. పై (పిండితో కింద అడుగు, పైన మూత ఉండే వంటకం) చేయాలంటే పిండి బరువులో సగం దాకా కొవ్వు కావాలి. క్రంబుల్‌కు అడుగు అక్కర్లేదు, అప్పడాల కర్ర పనిలేదు, కొవ్వు తగ్గినా వంట చెడదు. గోధుమలు చాలావరకు ఓడల్లో రావలసిన ఆ రోజుల్లో స్వదేశంలో పండే ఓట్స్ వాడమని ఆహార శాఖ ప్రోత్సహించింది. రేషన్ 1954లో పూర్తిగా ఎత్తేశారు. క్రంబుల్ మాత్రం బడి భోజనాల్లో, ఆదివారపు విందుల్లో ఉండిపోయింది.

అక్కడ ఇందుకు వాడే ఆపిల్ బ్రామ్లీ. నాటింగమ్‌షైర్‌లోని సౌత్‌వెల్‌లో మేరీ ఆన్ బ్రెయిల్స్‌ఫర్డ్ 1809లో నాటిన గింజ నుంచి వచ్చిన చెట్టు అది. పేరు మాత్రం తర్వాత ఆ ఇల్లు కొన్న కసాయి మాథ్యూ బ్రామ్లీకి దక్కింది, నాటిన పిల్లకు కాదు. పులుపెక్కువైన ఆ పండు వేడికి గుజ్జయిపోతుంది. దాని మీద బ్రిటిషువారు పోసుకునేది కస్టర్డ్. గుడ్డు లేని కస్టర్డ్ పొడిని 1837లో బర్మింగ్‌హామ్‌లో ఆల్ఫ్రెడ్ బర్డ్, గుడ్డు పడని తన భార్య కోసం తయారుచేశాడు. అమెరికాలో ఆ చోట వెనిలా ఐస్‌క్రీం ఉంటుంది.