గొట్‌హార్డ్ కనుమ కలిపిన వంటకం

మధ్య స్విట్జర్లాండ్‌లోని పర్వత ప్రాంతంలో ఎల్ప్లర్‌మాగ్రోనెన్ అనే వంటకం ప్రసిద్ధం. మాకరోనీని, చిన్న ముక్కలుగా కోసిన బంగాళాదుంపలను ఒకే గిన్నెలో ఉడికించి, అందులో మీగడ, తురిమిన గట్టి చీజ్ కలిపి, వెన్నలో ముదురు గోధుమ రంగు వచ్చేదాకా వేగిన ఉల్లిపాయలను పైన పరచి, పక్కన ఉడికించిన ఆపిల్ గుజ్జుతో వడ్డిస్తారు. ఎల్ప్లర్ అంటే వేసవిలో పశువులను ఎత్తైన పచ్చికబయళ్లకు తోలుకుపోయి, అక్కడే పాలు పితికి చీజ్ తయారుచేసే పశుపోషకుడు. మాగ్రోనెన్ అనేది మాకరోనీకి అక్కడి జర్మన్ మాండలికంలో ఏర్పడిన రూపం. ఈ పేరును బట్టి ఇది కొండ కాపరులు అనాదిగా వండుకుంటున్న ఆహారమని ఎవరికైనా తోస్తుంది. పర్యాటకుల కోసం వెలసిన భోజనశాలలు కూడా ఆ భావననే పెంచి పోషించాయి. అయితే గిన్నెలోని పదార్థాలు ఏ కాలంలో, ఏ దారిన అక్కడికి చేరాయో విచారిస్తే, ఈ వంటకం కొండల ఏకాంతంలో కాక, ఆల్ప్స్ పర్వతాలను ఉత్తర దక్షిణాలుగా దాటే ఒక వర్తక మార్గం మీద రూపుదిద్దుకొన్నదని స్పష్టమవుతుంది.

ఆ మార్గం గొట్‌హార్డ్ కనుమ. సముద్రమట్టానికి 2,106 మీటర్ల ఎత్తున ఉన్న ఈ కనుమకు ఉత్తరాన ఊరీ అనే కాంటన్, అంటే స్వయంపాలన గల రాష్ట్రం, దక్షిణాన ఇటాలియన్ మాట్లాడే టిచీనో కాంటన్ ఉన్నాయి. షోలెనెన్ అనే ఇరుకైన లోయలో, 13వ శతాబ్దం తొలినాళ్లలో, వంతెన కట్టి దారి వేసేదాకా ఇటు నుంచి రాకపోకలు చాలా కష్టంగా ఉండేవి. దారి తెరుచుకొన్న తరువాతి రెండు మూడు శతాబ్దాలలో ఊరీ, దాని పొరుగు కాంటన్ల వ్యవసాయం మొదలంటా మారిపోయింది. చలి ఎక్కువ, పంటకాలం తక్కువ అయిన ఆ లోయలలో ధాన్యం పండించడం ఎప్పుడూ కష్టమే. దక్షిణాన లొంబార్డీ నగరాలలో పశువులకు, చీజ్‌కు మంచి గిరాకీ ఉన్నదని తెలిసిన రైతులు పొలాలను గడ్డి భూములుగా మార్చి, పశువులను పెంచి, కనుమ దాటించి అమ్మి, వచ్చిన డబ్బుతో ధాన్యం, బియ్యం, ద్రాక్షసారా కొనడం మొదలుపెట్టారు. ఆ విధంగా కొండవారు తినే తిండిలో ఒక ప్రధాన భాగం బయటి నుంచి రావలసిన స్థితి ఏర్పడింది.

చీజ్ చరిత్ర కూడా ఈ వర్తకంతోనే ముడిపడి ఉంది. పాలను పులియబెట్టి విరిచే పాత పద్ధతిలో తయారయ్యే చీజ్ మెత్తగా ఉండి, దూరప్రయాణానికి తట్టుకొనేది కాదు. పాలు తాగే దూడ పొట్ట నుంచి తీసే రెన్నెట్ అనే తోడు పదార్థాన్ని వాడి, విరిగిన పాలను వేడిచేసి, బరువు కింద అదిమి, ఉప్పునీటిలో ఊరవేసి, నెలల తరబడి ఆరబెట్టే పద్ధతి 15, 16వ శతాబ్దాలలో ఇక్కడ వ్యాపించడంతో రాయిలా గట్టిగా ఉండే పెద్ద చక్రాల వంటి చీజ్ సాధ్యమైంది. వీటిలో స్బ్రిన్జ్ అనే రకం పేరు 1530 నాటి బెర్న్ పత్రాలలో కనిపిస్తుంది. కంచరగాడిదల మీద సరుకు మోసే బిడారులు ఈ చక్రాలను కనుమలు దాటించి ఇటలీకి చేర్చేవి. తిరుగు ప్రయాణంలో అవే బిడారులు దక్షిణపు సరుకును మోసుకొచ్చేవి.

ఆ చీజ్ తయారయ్యే గుడిసెలో పని తీరును దగ్గరగా చూస్తే వంటకం స్వభావం కూడా బోధపడుతుంది. జూన్ నుంచి సెప్టెంబరు దాకా, ఇంచుమించు వంద రోజులు, కొద్దిమంది మనుషులు చెట్లు ఎదగని ఎత్తులలో కాపురముంటారు. గుడిసె మధ్యలో రాగి కాగు, దానిని మంట మీదికీ పక్కకూ తిప్పడానికి వీలుగా ఒక కొయ్య చేయి. సాయంత్రం పితికిన పాలను లోతు తక్కువగా ఉన్న వెడల్పాటి కొయ్య పాత్రలలో పోసి రాత్రంతా చల్లని గదిలో ఉంచితే మీగడ పైకి తేలుతుంది. తెల్లవారి దానిని తీసి వెన్నకు వాడి, మిగిలిన పాలను ఉదయపు పాలతో కలిపి కాగులో పోస్తారు. అంటే మీగడ, వెన్న, చీజ్ అక్కడ కొనవలసిన వస్తువులు కావు. అక్కడ లేనివల్లా పిండి పదార్థాలు, కూరగాయలు, వంటచెరకు. ఎంతో దూరం నుంచి మోసుకు రావలసిన కట్టెను ప్రధానంగా చీజ్ కాగుకే వినియోగించాలి కనుక, త్వరగా ఉడికి, ఒకే పాత్రతో సరిపెట్టుకోగల తిండి కాపరులకు అవసరమైంది. దక్షిణం నుంచి వచ్చిన బియ్యం ఈ అవసరాన్ని చాలా కాలం తీర్చింది; అన్నాన్నీ లీక్ అనే ఉల్లిజాతి కాడలనూ కలిపి, చీజ్‌తో వండే ఒక వంటకం ఊరీలో నేటికీ నిలిచి ఉంది. మాకరోనీ రాకముందే కాపరి గిన్నెలో చీజ్, ఉల్లి, దక్షిణపు ధాన్యం మూడూ కలిశాయన్న సంగతికి ఇది బలమైన ఆధారం.

మాకరోనీ ఇక్కడికి ఎలా చేరిందన్న ప్రశ్నకు స్విట్జర్లాండ్‌లో అందరి నోటా వినిపించే సమాధానం, గొట్‌హార్డ్ రైలు సొరంగం తవ్వడానికి వచ్చిన ఇటలీ కూలీలు తెచ్చారని. ఈ కథ మనసుకు హత్తుకొనేదే గాని, ఇందులో సగమే సత్యం. పాస్తాకు చీజ్ జోడించే పద్ధతి ఇటలీలో మధ్యయుగం నాటిది. 14వ శతాబ్దం తొలినాళ్లలో నేపుల్స్ రాజాస్థానంతో సంబంధం గల ఒక లాటిన్ వంటల గ్రంథంలో ఉడికించిన పిండి పలకల మీద తురిమిన చీజ్ చల్లే విధానం ఉంది, అదే శతాబ్దం చివర ఇంగ్లండ్ రాజు వంటశాలకు చెందిన గ్రంథంలోనూ అటువంటిదే కనిపిస్తుంది. 1769లో ఎలిజబెత్ రాఫల్డ్ ప్రచురించిన ఆంగ్ల వంటల పుస్తకంలో మీగడతో, పార్మెసాన్ చీజ్‌తో చేసే మాకరోనీ చోటుచేసుకొంది. ఇంగ్లండ్ దాకా ప్రయాణించిన ఎండు మాకరోనీ, ఇటలీకి చేరువలోనే ఉండి శతాబ్దాలుగా అక్కడి సరుకును దిగుమతి చేసుకొంటున్న ఊరీ లోయకు 1870ల దాకా తెలియదనుకోవడం సమంజసం కాదు. తెలిసే ఉండాలి, కాని అది కలిగినవారి వస్తువుగా ఉండి ఉంటుంది.

సొరంగం పని 1872లో మొదలైంది. ఉత్తరాన గోషెనెన్, దక్షిణాన ఐరోలో గ్రామాల నుంచి ఒకేసారి తవ్వుకొంటూ వచ్చిన 15 కిలోమీటర్ల ఆ సొరంగానికి గుత్తేదారు జెనీవాకు చెందిన లూయీ ఫావ్ర్. అప్పటికి కొత్తగా వాడుకలోకి వచ్చిన డైనమైట్‌తో రాతిని పేల్చి, గాలి ఒత్తిడితో నడిచే యంత్రాలతో రంధ్రాలు వేసేవారు. లోపల వేడి 30 డిగ్రీలు దాటేది. పేలుళ్ల పొగ బయటికి పోయే దారి సరిగా ఉండేది కాదు. 1875 జూలైలో గోషెనెన్ కూలీలు పని మానివేసి నిలబడితే, ఊరీ సాయుధ బలగం కాల్పులు జరిపి నలుగురిని బలిగొన్నది. ఫావ్ర్ స్వయంగా 1879లో సొరంగంలోనే కుప్పకూలి మరణించాడు. 1880 ఫిబ్రవరి 29న రెండు కొసలూ కలిశాయి, 1882లో రైళ్లు నడిచాయి. ప్రమాదాలలో చనిపోయినవారు అధికారిక లెక్కలలోనే సుమారు రెండు వందల మంది. తడి నేల మీద మలం ద్వారా వ్యాపించిన కొంకిపురుగుల వల్ల రక్తహీనతకు గురై, స్వగ్రామాలకు తిరిగి వెళ్లి కన్నుమూసినవారు ఆ లెక్కలోకి రాలేదు. ఒక ప్రాంతపు ప్రియమైన వంటకానికి కారణం ఈ కూలీలేనని తరచుగా చెప్పుకొనేటప్పుడు, వారు అనుభవించిన బాధను కూడా ఆ కథలో చేర్చడం న్యాయం.

కూలీలలో అత్యధికులు ఉత్తర ఇటలీ పల్లెల నుంచి వచ్చినవారు. ఆ కాలపు ఉత్తర ఇటలీ పేదల నిత్యాహారం మాకరోనీ కాదు, మొక్కజొన్న పిండిని ఉడికించి చేసే పొలెంటా అనే సంకటి. దాని మీదే అతిగా ఆధారపడడం వల్ల పెల్లాగ్రా అనే పోషకాహార లోప వ్యాధి లొంబార్డీ, వెనెటో పల్లెలను పీడించింది. కాబట్టి కాపరులకు మాకరోనీ వండడం నేర్పినవారు సొరంగపు కూలీలేనన్న మాట కంటే, వారు తవ్విన దారిన నడిచిన సరుకు రైళ్లు ఆ పనిని నెరవేర్చాయనడం వాస్తవానికి దగ్గరగా ఉంటుంది. కంచరగాడిద వీపు మీదా, 1830లో పూర్తయిన బండ్ల బాట మీదా వచ్చినంత కాలం ఖరీదైన సరుకుగా ఉన్న మాకరోనీ, రైలు వచ్చాక బస్తాలలో దిగింది. 19వ శతాబ్దంలో స్విట్జర్లాండ్‌లోనే పాస్తా కర్మాగారాలు వెలసి ధరను ఇంకా తగ్గించాయి. ఎండిన మాకరోనీ తేలిక, చెడిపోదు, కొద్ది నిమిషాలలో ఉడుకుతుంది. వేసవికి కావలసినదంతా జూన్‌లోనే కొండపైకి మోసుకొని పోయే కాపరికి ఇంతకంటె అనువైన ధాన్యరూపం దొరకదు.

బంగాళాదుంప దారి వేరు. 1770–71 నాటి కరువు తరువాత స్విట్జర్లాండ్ అంతటా సాగు విస్తరించి, అది పేదల పొట్ట నింపే పంటగా స్థిరపడింది. మాకరోనీ కొనవలసినది, దుంప సొంత పెరటిలో పండేది కనుక దుంపలతో గిన్నెను పెంచడం పొదుపు. అయితే దుంపను కేవలం పొదుపు సాధనంగా చూడడం తప్పు. బాగా ఆరిన గట్టి చీజ్‌ను నేరుగా వేడిచేస్తే అందులోని కొవ్వు విడిపోయి నూనెగా తేలుతుంది, మాంసకృత్తులు రబ్బరులా గడ్డకడతాయి. దుంప, మాకరోనీ ఉడికేటప్పుడు వదిలే గంజి ఆ మాంసకృత్తులు ఒకదానికొకటి అతుక్కోకుండా అడ్డుపడి, మీగడలోని కొవ్వును చీజ్‌తో కలిపి ఉంచుతుంది. నీటిని కొలిచి పోసి, పారబోయకుండా ఇగిరించే కొండ పద్ధతి ఈ గంజిని గిన్నెలోనే నిలుపుతుంది. రసాయన శాస్త్రం ఎరుగని కాపరులు అనుభవంతో సాధించిన ఈ నేర్పు నిజంగా మెచ్చదగినది.

వంటకానికి ప్రాణం మాత్రం ఉల్లిపాయ. గాలి తగిలేలా వేలాడదీస్తే వేసవి అంతా నిలవ ఉండే కూరగాయ అది. బెర్న్ నగరంలో ప్రతి నవంబరు నాలుగో సోమవారం జరిగే ఉల్లి సంతలో జడలుగా అల్లిన ఉల్లిపాయలను అమ్ముతారు. 1405 నాటి అగ్నిప్రమాదంలో సాయపడినందుకు ఫ్రీబూర్ ప్రజలకు ఆ హక్కు లభించిందన్న ఐతిహ్యం ప్రచారంలో ఉన్నా, ఈ సంత 19వ శతాబ్దం మధ్యలో, వులీ ప్రాంతపు రైతు స్త్రీలు ఉల్లిపాయలు తెచ్చి అమ్మడంతో రూపుకట్టిందని చరిత్రకారుల అభిప్రాయం. ఉల్లిలో దాదాపు 90 శాతం నీరు, నాలుగైదు శాతం చక్కెరలు. ముక్కలు వెన్నలో పడినంత మాత్రాన రంగు మారవు. వాటిలో నీరు ఉన్నంతసేపూ వేడి 100 డిగ్రీలు దాటదు. సన్నని సెగ మీద అరగంటకు పైగా కలుపుతూ ఉంటే నీరంతా ఇగిరి, ముక్కలు నాలుగో వంతుకు కుదించుకుపోయి, అప్పుడు రెండు మార్పులు కలిసి జరుగుతాయి: చక్కెరలు వేడికి తమంతట తాము విడిపోయి గోధుమ రంగుకు మారడం, చక్కెరలూ మాంసకృత్తులలోని అమైనో ఆమ్లాలూ కలిసి కొత్త వాసనలను పుట్టించడం. రెండోదానిని 1912లో వివరించిన ఫ్రెంచి శాస్త్రజ్ఞుడు లూయీ కమీల్ మైయార్ పేరుతోనే వ్యవహరిస్తారు. మంట పెంచి తొందరపడితే అంచులు మాడి చేదెక్కుతాయి, లోపల పచ్చిదనం మిగులుతుంది. పాలు, చీజ్, పిండి మూడూ మెత్తని చప్పిడి రుచులైన గిన్నెలో తీపి, చిరుచేదు, ఘాటు మూడింటినీ ఒక్క ఉల్లే సమకూర్చవలసి ఉండడం వల్ల, ఈ ఓర్పును తగ్గించుకోవడానికి వీలులేదు. ఆపిల్ గుజ్జు పులుపు కొవ్వు బరువును తగ్గిస్తుంది.

దక్షిణ జర్మనీలోని ఆల్గాయ్ ప్రాంతంలో, ఆస్ట్రియా పశ్చిమ భాగంలో ఇదే ఉల్లి, చీజ్‌తో చేసే కేజెస్పెట్స్లె అనే వంటకం ఉన్నా, అందులో వాడేది గుడ్లు కలిపిన పచ్చి పిండిని మరిగే నీటిలోకి జార్చి చేసే ముద్దలు. ఎండు మాకరోనీ కాదు. రెండింటి మధ్య ఈ తేడా ఒక్కటే దక్షిణపు వర్తకమార్గం ఎంతగా పనిచేసిందో చెప్పడానికి చాలు.

1914లో ఏర్పడి 1999 దాకా దేశపు చీజ్ అమ్మకాలను నియంత్రించిన స్విస్ చీజ్ యూనియన్ అనే సంస్థ, 1930ల నుంచి చీజ్‌ను కరిగించి రొట్టె ముంచి తినే ఫాండ్యూను జాతీయ వంటకంగా ప్రచారం చేసింది. ఎల్ప్లర్‌మాగ్రోనెన్‌కు అటువంటి ప్రోత్సాహం దక్కలేదు. అది పర్వత విడిదులలో, ఇళ్లలో, నోటి మాటగానే దేశమంతటికీ పాకింది. కొందరు దుంప లేకుండా వండుతారు, కొందరు ఉప్పు పట్టించిన పంది మాంసం కలుపుతారు. చీజ్ కూడా స్బ్రిన్జ్, గ్రుయేర్, ఆపెన్‌జెల్లర్, స్థానికంగా దొరికే కొండ చీజ్ ఏదైనా కావచ్చు. స్విట్జర్లాండ్ కొండ పచ్చికల వేసవి జీవనాన్ని 2023 డిసెంబరులో యునెస్కో మానవాళి అమూర్త సాంస్కృతిక వారసత్వ జాబితాలో చేర్చింది. ఆ వేసవి గుడిసెలలో నేటికీ చీజ్ తయారవుతూనే ఉంది, అక్కడి గిన్నెలలో ఉడికే మాకరోనీ ఈనాటికీ కింది లోయ నుంచి మోసుకొని పోవలసినదే.