పల్నాడులో ప్రభుత్వ భూముల అనుభవం, కౌలు వివాదాలు – చట్టపరమైన నేపథ్యం

పల్నాడు జిల్లా 2022 ఏప్రిల్ 4న గుంటూరు జిల్లా నుండి విడివడి, నరసరావుపేట కేంద్రంగా 28 మండలాలతో ఏర్పడింది. నరసరావుపేట, సత్తెనపల్లి, గురజాల రెవెన్యూ డివిజన్లలో ప్రభుత్వ భూములపై తలెత్తే వ్యాజ్యాలను పత్రికలు "కబ్జా" అనే ఒక్క మాటతో పేర్కొనడం కద్దు. న్యాయస్థానంలో ఆ మాట నిలువదు. సదరు భూమి ఏ వర్గానికి చెందినది, అనుభవదారు చేతిలో ఉన్న కాగితం ఏమిటి, అధికారి ఏ చట్టం కింద చర్య తీసుకున్నారు అనే అంశాలపైనే ఫలితం ఆధారపడుతుంది.

ఈ ప్రాంతంలో ప్రభుత్వ భూమి అనుభవంపై వివాదం కొత్తది కాదు. అడవిలో పశువులను మేపుకొన్నందుకు పుల్లరి చెల్లించాలన్న ప్రభుత్వ ఉత్తర్వును పల్నాటి రైతులు 1921లో ధిక్కరించారు. ఆ ఉద్యమానికి నాయకత్వం వహించిన మించాలపాడు వాసి కన్నెగంటి హనుమంతు 1922లో పోలీసు కాల్పులలో అమరులైనారు. ఆనాడు అమలులో ఉన్న మద్రాసు భూ ఆక్రమణ చట్టం (1905లోని 3వ చట్టం) స్వల్ప మార్పులతో ఆంధ్రప్రదేశ్ చట్టంగా కొనసాగుతూ వచ్చింది.

ఆ చట్టం ప్రకారం పోరంబోకు, బంజరు తదితర ప్రభుత్వ భూములను అనుమతి లేకుండా అనుభవించేవారి నుండి శిస్తు, అపరాధ రుసుము వసూలు చేయవచ్చు. ఇందుకు జారీ అయ్యేదే బి-మెమో. దశాబ్దాల తరబడి బి-మెమో రశీదులు దాచుకొన్న కుటుంబాలు వాటిని పట్టాగా భావించడం పరిపాటి. అది భూమి అనుభవంలో ఉన్నదనడానికి సాక్ష్యమే గాని హక్కు పత్రం కాదు. పైగా ఆ రుసుము చెల్లించడం ద్వారా భూమి ప్రభుత్వానిదేనని అనుభవదారు అంగీకరించినట్లు ప్రభుత్వ పక్షం వాదించే అవకాశమూ ఉన్నది. ప్రభుత్వానికి ప్రతికూలంగా అనుభవం ద్వారా హక్కు కోరాలంటే 1963 లిమిటేషన్ చట్టం మేరకు 30 సంవత్సరాల నిరాటంక, బహిరంగ, ప్రతికూల స్వాధీనం రుజువు కావాలి.

ఇదే చట్టంలోని 6వ సెక్షన్ కింద తహసీల్దారు క్లుప్త విచారణతో ఆక్రమణదారును తొలగించవచ్చు. అయితే 7వ సెక్షన్ మేరకు ముందుగా నోటీసు ఇచ్చి, సమాధానం వినవలసి ఉంటుంది. ఈ అధికారానికి హద్దు ఎక్కడన్నది సుప్రీంకోర్టు 1982లో తుమ్మల కృష్ణారావు కేసులో నిర్ణయించింది. హైదరాబాదు హబ్సిగూడలో ఉస్మానియా విశ్వవిద్యాలయం కొరకు సేకరించిన భూములకు సంబంధించిన వ్యాజ్యమది. హక్కుపై నిజాయితీతో కూడిన వివాదం ఉన్నప్పుడు ప్రభుత్వం తన వాదనను తానే తీర్పరియై తేల్చుకొనరాదని, సివిలు న్యాయస్థానంలో దావా వేయాలని న్యాయస్థానం స్పష్టం చేసింది. ఆక్రమణ ఎన్నేళ్లుగా ఉన్నదన్నది ఒక్కటే గీటురాయి కాదనీ, అనుభవదారు వాదనలో సద్భావం ఉన్నదా అన్నది ముఖ్యమనీ ఆ తీర్పు సారాంశం. నోటీసు లేని తొలగింపు, ఆక్రమణ ఎంత స్పష్టమైనదైనా, రిట్ పిటిషన్‌లో నిలవడం కష్టం.

అసైన్డ్ భూముల సంగతి వేరు. నిరుపేదలకు సాధారణంగా రెండున్నర ఎకరాల మాగాణి లేదా ఐదు ఎకరాల మెట్ట మించకుండా డి-పట్టాపై ఇచ్చిన ఈ భూముల బదిలీని 1977లోని 9వ చట్టం నిషేధించింది. ఆ చట్టంలో "బదిలీ" అంటే విక్రయమే కాదు; కౌలు కూడ అందులోకి వస్తుంది. ఈ విషయం గ్రామాలలో అంతగా ప్రచారంలో లేదు. 2023 సవరణ ద్వారా, కేటాయించి 20 సంవత్సరాలు నిండిన వ్యవసాయ భూములపై అసలు పట్టాదారుకు, వారసులకు విక్రయ హక్కు లభించింది. 2024లో ఏర్పడిన ప్రభుత్వం సదరు భూముల రిజిస్ట్రేషన్లను నిలిపివేసి పరిశీలనకు ఆదేశించింది. అదే సంవత్సరం డిసెంబరులో మాచవరం మండలం వేమవరం, పిన్నెల్లి గ్రామాలలో సరస్వతీ పవర్ అండ్ ఇండస్ట్రీస్ భూములలో ఉన్న 17.69 ఎకరాల అసైన్డ్ భూమిని వెనుకకు తీసుకొంటూ ఉత్తర్వులు వెలువడినాయి.

చుక్కల భూములు మరొక చిక్కు. బ్రిటిషు కాలపు రీసెటిల్‌మెంటు రిజిస్టరులో పట్టాదారు పేరు ఉండవలసిన గడిలో చుక్కలు మాత్రమే పెట్టి వదిలిన సర్వే నంబర్లివి. తాతల నాటి నుండి సాగు చేస్తున్న రైతు కూడ రిజిస్ట్రేషన్ చట్టం 22-ఎ సెక్షన్ నిషేధిత జాబితా కారణంగా అమ్ముకొనలేని స్థితి ఏర్పడింది. కుమార్తె పెండ్లికో, వైద్యానికో ఎకరం అమ్మదలచినవానికి సబ్ రిజిస్ట్రారు కార్యాలయంలోనే మొదటిసారిగా తన భూమి ప్రభుత్వానిదని తెలిసేది. 12 సంవత్సరాలకు పైబడిన అనుభవం ఉన్నచో రికార్డు సరిచేయుటకు 2017లో ప్రత్యేక చట్టం వచ్చింది. 2023లో పెద్దయెత్తున ఇట్టి భూములను నిషేధిత జాబితా నుండి తొలగించారు.

కౌలు వివాదాలలో ప్రభుత్వ పక్షానికి తరచు చేటు తెచ్చేది గడువు తీరిన తరువాతి అలసత్వమే. ఏక్‌సాలు కౌలైనా, దీర్ఘకాలిక లీజైనా, గడువు ముగిసిన పిమ్మట అద్దె స్వీకరిస్తూ పోతే ఆస్తి బదిలీ చట్టం 116వ సెక్షన్ మేరకు కౌలు కొనసాగినట్లే కౌలుదారు వాదిస్తాడు. గడువు తేదీని డైరీలో గుర్తించుకొని, పునరుద్ధరణయో ఖాళీ నోటీసో సకాలంలో ఇచ్చిన కార్యాలయానికి ఈ బెడద ఉండదు. సున్నపురాతి నిక్షేపాలున్న పిడుగురాళ్ల, దాచేపల్లి ప్రాంతాలలో గనుల లీజు అంశం దీనికి తోడవుతుంది: గని లీజు ఖనిజానికి సంబంధించినది, దానితో భూమిపై యాజమాన్య హక్కు సంక్రమించదు.

మాచర్ల చెన్నకేశవస్వామి ఆలయం వంటి దేవస్థానాల భూములను ప్రభుత్వ భూములుగా వ్రాయడం పొరపాటు. వాటికి యజమాని దేవుడు. కౌలుకు, ఆక్రమణ తొలగింపుకు వర్తించేది 1987 దేవాదాయ చట్టంలోని 82, 83 సెక్షన్లు. నాగార్జునసాగర్ కుడికాలువ గట్లు జలవనరుల శాఖవి. చెరువు, వాగు పోరంబోకులను క్రమబద్ధీకరించుటకు వీలు బహు తక్కువ. గ్రామ ఉమ్మడి భూముల ఆక్రమణలను తొలగించవలసినదిగా 2011లో జగ్‌పాల్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు అన్ని రాష్ట్రాలను ఆదేశించింది. ప్రభుత్వంపై దావా వేయదలచినవారు అత్యవసర సందర్భాలలో తప్ప, సివిల్ ప్రొసీజర్ కోడ్ 80వ సెక్షన్ కింద రెండు నెలల ముందుగా నోటీసు ఇవ్వవలసి ఉంటుంది.