నీలి మేజోళ్లు

ఎనిమిదేళ్ల కిందటి మాట. నా పిహెచ్‌.డి. వైవా అయిపోయిన సాయంత్రం డిపార్ట్‌మెంట్‌ వరండాలో అందరం టీ తాగుతున్నాం. ఒక పెద్దాయన నన్ను బయటి ఊరి నుంచి వచ్చిన అతిథికి పరిచయం చేస్తూ, "ఈ అమ్మాయి మా బ్లూస్టాకింగ్‌" అన్నారు. చుట్టూ ఉన్నవాళ్లు నవ్వారు. నేనూ నవ్వాను. అర్థం తెలియక నవ్విన నవ్వు అది. తెలుగులో ఎం.ఏ. చేసి ఇంగ్లిషు బాగా వచ్చినవాళ్ల మధ్య నిలబడ్డ ఎవరికైనా ఆ నవ్వు పరిచయమే.

ఇంటికొచ్చి నిఘంటువు తీశాను. చదువు మీద, సాహిత్యం మీద మక్కువ ఉన్న స్త్రీ అని ఉంది. సంతోషించబోయాను. పక్కనే చిన్న అక్షరాల్లో, నిందార్థంలో వాడుతారు అని కూడా ఉంది. ఆయనకి నా మీద కోపమేమీ లేదు, ఆ మాట నాకు తెలుసు. మెచ్చుకుందామనే అని ఉంటారు. మెచ్చుకోలూ ఎకసెక్కమూ రెండూ ఒక్క మాటలో ఎలా సర్దుకున్నాయా అని అప్పుడు మొదలైన కుతూహలం నన్ను ఇంతకాలం వదల్లేదు. ఆలోచించేవాళ్లకి ఇంగ్లిషులో చాలా మాటలున్నాయి. థింకర్‌ ఉంది, ఇంటలెక్చువల్‌ ఉంది. వాటితో ఎవరూ మగవాడిని వెక్కిరించబోరని కాదు, వెక్కిరిస్తారు. కానీ వాటికి కాళ్లూ బట్టలూ లేవు. ఆలోచించే స్త్రీకి మాత్రం మేజోళ్లతో పేరు పెట్టారు.

చిత్రమేమిటంటే, ఆ మేజోళ్లు మొదట ఒక మగవాడివి.

1750లలో లండన్‌లో ఎలిజబెత్‌ మాంటేగ్యు, ఎలిజబెత్‌ వెసీ, ఫ్రాన్సెస్‌ బాస్కవెన్‌ అనే ముగ్గురు స్త్రీలు తమ ఇళ్లలో సాయంకాలపు గోష్ఠులు పెట్టడం మొదలుపెట్టారు. అప్పటి పెద్దింటి విందుల్లో పేకాట, తాగుడు తప్పనిసరి. వీళ్లు రెండూ తీసేశారు. టీ, నిమ్మరసం ఇచ్చి, పుస్తకాల గురించి మాట్లాడమన్నారు. ఆడవాళ్లూ మగవాళ్లూ కలిసి కూర్చునేవారు. మాంటేగ్యు ఇంట్లో కుర్చీలు అర్ధచంద్రాకారంలో వేసేవారట, మధ్యలో ఆవిడ. వెసీకి ఆ వరస గిట్టదు. ఆవిడ కుర్చీల్ని గదినిండా చెల్లాచెదురుగా పడేసి, నలుగురైదుగురు ఒక్కోచోట గుంపుగా కూడేలా చేసేది. వెసీకి చెవులు సరిగా వినపడవు, వినడానికి కొమ్ములాంటి గొట్టం పట్టుకుని ఒక గుంపు నుంచి ఇంకో గుంపుకి తిరిగేది. సెమినార్‌ హాళ్లలో వేదికకి ఎదురుగా వరసలు తీరి కూర్చున్నప్పుడల్లా నాకావిడ గుర్తొస్తుంది.

ఆ గోష్ఠులకి బెంజమిన్‌ స్టిల్లింగ్‌ఫ్లీట్‌ అనే వృక్షశాస్త్రవేత్త వచ్చేవాడు. పెద్దవాళ్ల ఇళ్లకి తెల్లటివో నల్లటివో పట్టు మేజోళ్లు వేసుకెళ్లడం మర్యాద. ఈయన ఇంట్లో రోజూ వేసుకునే నీలి ఉన్ని మేజోళ్లతోనే వచ్చేవాడు. అవి పనిపాటలు చేసుకునే వాళ్లు వేసుకునేవి. ఆయన మాటలు ఎంత బాగుండేవంటే, రాని రోజున ఆ నీలి మేజోళ్లు లేకపోతే మనకి తోచదు అనేవారట. ఈ కథని బాస్వెల్‌ 1791లో వచ్చిన జాన్సన్‌ జీవితచరిత్రలో చెప్పాడు. కథలో కల్పన ఎంతున్నా, 1750ల నాటి ఉత్తరాల్లో స్టిల్లింగ్‌ఫ్లీట్‌ మేజోళ్ల ప్రస్తావన ఉన్నమాట నిజం. ఆ తర్వాత కొన్నేళ్లపాటు ఈ మాట అక్కడికి వచ్చే అందరికీ, ఎక్కువగా మగవాళ్లకే చెల్లింది. అలంకారం కన్నా మాట ముఖ్యం అనుకునే మనుషులు అని అర్థం. అందులో ఆప్యాయత ఉంది, కాస్త గర్వం కూడా ఉంది.

1770ల చివరికి వచ్చేసరికి మగవాళ్లు నెమ్మదిగా ఆ మేజోళ్లలోంచి కాళ్లు బయటికి లాగేసుకున్నారు. జాన్సన్‌ని, బర్క్‌ని, రెనాల్డ్స్‌ని ఇవాళ ఎవరూ బ్లూస్టాకింగ్‌ అనరు. వాళ్లూ ఆ గదుల్లో కూర్చున్నవాళ్లే. మాట స్త్రీలకి మిగిలింది. ఆస్తి కాకపోతే అప్పు, ఏదో ఒకటి మనకి మిగలడం మామూలే.

ఆ బృందంలో నాకు చాలా దగ్గరగా అనిపించే మనిషి ఎలిజబెత్‌ కార్టర్‌. 1717లో కెంట్‌లోని డీల్‌ అనే సముద్రతీరపు ఊళ్లో పుట్టింది. తండ్రి చర్చి గురువు. కొడుకులతో పాటు కూతురికీ లాటిన్‌, గ్రీకు, హీబ్రూ చెప్పాడు. మొదట్లో ఆమెకి చదువు అంత సులువుగా ఎక్కలేదట. రాత్రిళ్లు మెలకువగా ఉండటానికి నశ్యం పీల్చేది, గ్రీన్‌ టీ తాగేది, తలకి తడిగుడ్డ కట్టుకునేది. తెల్లవారుజామున లేవడానికి మంచం దగ్గర గంట కట్టి, దాని తాడు కిటికీలోంచి తోటలోకి వేలాడదీసేది. చర్చి పనివాడు నాలుగూ అయిదు గంటల మధ్య వచ్చి ఆ తాడు లాగేవాడు. జీవితమంతా తలనొప్పులతో బాధపడింది. తన సవతి తమ్ముడికి తానే పాఠాలు చెప్పి కేంబ్రిడ్జికి పంపింది. తనకి అక్కడ ప్రవేశం లేదు. 1758లో గ్రీకు తత్వవేత్త ఎపిక్టెటస్‌ రచనలన్నీ ఇంగ్లిషులోకి తెచ్చింది. చందాలతో వచ్చిన ఆ పుస్తకం మీద ఆమెకి దాదాపు వెయ్యి పౌండ్లు వచ్చాయి. పెళ్లి చేసుకోలేదు.

ఆమెని జాన్సన్‌ ఎలా మెచ్చుకున్నాడో చూడండి. మా కార్టర్‌ గ్రీకు నుంచి ఎపిక్టెటస్‌ని అనువదించడమే కాదు, పుడ్డింగ్‌ కూడా అంత చక్కగానూ చేయగలదు అన్నాడు. కవిత్వం రాసినంత బాగా రుమాలు కుట్టగలదని కూడా అన్నాడు. జాన్సన్‌ ఆమెకి నిజమైన మిత్రుడు, ఆమె పాండిత్యం మీద గౌరవం ఉన్నవాడు. అందుకే ఈ వాక్యం నన్ను ఎక్కువ ఇబ్బంది పెడుతుంది. శత్రువు అంటే సరిపెట్టుకుంటాం.

నాకు డాక్టరేట్‌ వచ్చిన వారంలో మా పెద్దమ్మ ఫోన్‌ చేసి అమ్మని అడిగిన మొదటి ప్రశ్న, "దానికి పప్పుచారు పెట్టడం వచ్చా?" అని. అమ్మ గబగబా, "అయ్యో, అన్నీ వచ్చక్కా, మొన్న గుత్తొంకాయ కూడా చేసింది" అంది. గుత్తొంకాయ చేసింది అమ్మే. నన్ను కాపాడటానికి అబద్ధమాడింది. నా థీసిస్‌ దేని గురించో ఆ ఫోన్‌లో ఎవరూ అడగలేదు, అమ్మా చెప్పలేదు. కార్టర్‌ పుడ్డింగ్‌ గురించి చదివినప్పుడు నాకు జాన్సన్‌ కన్నా ముందు అమ్మ గొంతు వినిపించింది. చదువుకున్న స్త్రీని కాపాడాలనుకునేవాళ్లు ఆమె తరఫున ముందుగా ఇచ్చే పూచీకత్తు ఎప్పుడూ వంటింటిదే.

1778లో రిచర్డ్‌ శామ్యూల్‌ అనే చిత్రకారుడు తొమ్మిదిమంది సమకాలీన స్త్రీలని గ్రీకు కళాదేవతలుగా ఒక చిత్రంలో వేశాడు. కార్టర్‌, మాంటేగ్యు, హానా మోర్‌, చరిత్రకారిణి కాథరిన్‌ మెకాలే అందులో ఉన్నారు. ఇప్పుడది లండన్‌ నేషనల్‌ పోర్ట్రెయిట్‌ గ్యాలరీలో ఉంది. ఆ బొమ్మ నకలు చూసి కార్టర్‌, ఇందులో నేనెవరో నాకే పోల్చుకోవడం రావడంలేదు అని మాంటేగ్యుకి రాసింది. అందరివీ ఒకే అందమైన ముఖాలు. నీలి మేజోళ్లు మాత్రం ఎక్కడా లేవు.

దేవతలని చేసిన ముప్ఫయి ఏడేళ్లకే, 1815లో, రోలండ్‌సన్‌ బ్లూస్టాకింగ్‌ క్లబ్బు కూలిపోతున్నట్టు ఒక వ్యంగ్యచిత్రం గీశాడు. అందులో స్త్రీలు ఒకరి జుట్టు ఒకరు పట్టుకుని, బట్టలు చింపుకుని, బల్లలు తిరగేసి కొట్టుకుంటుంటారు. మధ్యలో ఏం జరిగింది? ఫ్రెంచి విప్లవం జరిగింది. 1792లో మేరీ వుల్‌స్టన్‌క్రాఫ్ట్‌ స్త్రీల హక్కుల గురించి పుస్తకం రాసింది. చదువుకున్న స్త్రీ అంటే విందుకి వన్నె తెచ్చే మనిషి కాకుండా, ఇంటినీ రాజ్యాన్నీ ప్రశ్నించే మనిషి అయ్యింది. ఆ భయమే ఈ మాటలోకి విషంలా ఎక్కింది. 1820ల ప్రారంభంలో వ్యాసకర్త హాజ్లిట్‌, బ్లూస్టాకింగ్‌లంటే తనకి పరమ అసహ్యమని రాశాడు. బైరన్‌ 1821లో వాళ్ల మీద ఒక ప్రహసన కావ్యమే రాశాడు. అప్పటికి ఆయన్ని వదిలి వెళ్లిన భార్య గణితం బాగా వచ్చిన మనిషి. వాళ్ల కూతురు ఏడా లవ్‌లేస్‌.

ఇంగ్లిష్‌ చానల్‌ దాటి మాట ఫ్రెంచిలోకి 'బా బ్ల్యూ'గా వెళ్లింది. 1844లో దోమియే పారిస్‌ పత్రిక ల షారివారిలో ఈ పేరుతో నలభై చిత్రాలు వేశాడు. ఒక చిత్రంలో తల్లి తన్మయత్వంతో రాసుకుంటుంటుంది, వెనక పసిబిడ్డ తలకిందులుగా నీళ్ల తొట్టిలో పడి ఉంటుంది. రాజుల మీద, న్యాయమూర్తుల మీద నిప్పులు చెరిగిన గొప్ప చిత్రకారుడు దోమియే. పేదల పక్షం. ఆయన అభ్యుదయం ఆ నీళ్లతొట్టి దగ్గర ఆగిపోయింది. ఇది మనకి కొత్త అనుభవమేమీ కాదు.

అయితే ఈ స్త్రీలని అక్కున చేర్చుకుని ఊరుకోవడం కూడా నాకు కుదరలేదు. మాంటేగ్యు ఇంట్లో టీకీ నిమ్మరసానికీ డబ్బెక్కడిది? భర్త కుటుంబానికి న్యూకాసిల్‌ దగ్గర బొగ్గుగనులున్నాయి. 1775లో ఆయన పోయాక ఆవిడే వాటిని సమర్థంగా నడిపింది. షేక్‌స్పియర్‌ని వోల్టేర్‌ విమర్శల నుంచి కాపాడుతూ 1769లో ఆవిడ పేరులేకుండా అచ్చువేసిన పుస్తకం గురించి మాట్లాడుకునే మనం, ఆ గనుల్లోకి దిగినవాళ్ల గురించి మాట్లాడుకోం.

ఆన్‌ ఇయర్స్‌లీ కథ ఇంకా సూటిగా తగులుతుంది. బ్రిస్టల్‌లో పాలు అమ్ముకునే స్త్రీ. హానా మోర్‌ వంటింట్లో మిగిలిన తిండి తన పంది కోసం పట్టుకెళ్లేది. ఆమె కవిత్వం రాస్తుందని మోర్‌కి చెప్పింది ఇంటి వంటమనిషి. మోర్‌ ఆశ్చర్యపోయి, ఉత్తరాల మీద ఉత్తరాలు రాసి, వెయ్యిమందికి పైగా చందాదారుల్ని పోగుచేసి 1785లో ఆమె పుస్తకం వేయించింది. గొప్ప పనే. కానీ ఆ డబ్బుని ఇయర్స్‌లీ చేతికివ్వలేదు. తానూ మాంటేగ్యూ ధర్మకర్తలుగా ఉండి దాచారు. ఆమె భర్త డబ్బు కాజేస్తాడని వాళ్ల భయం. నా పిల్లల డబ్బు మీద నాకే హక్కు లేదా అని ఇయర్స్‌లీ అడిగింది. కృతఘ్నురాలన్నారు. ఆమె ఊరుకోలేదు. తన వాదన తానే అచ్చువేసుకుంది, మోర్‌తో తెంచుకుని మళ్లీ పుస్తకాలు రాసింది, 1793లో సొంతంగా అద్దె గ్రంథాలయం పెట్టుకుంది. ఇయర్స్‌లీ మొదటి పుస్తకానికి మోర్‌ రాసిన ముందుమాటలో ఒక మాటుంది. ఈమె భార్య, తల్లి, ఆ బాధ్యతలు ముందు, పద్యాలు తర్వాత అని దాని సారాంశం. జాన్సన్‌ పుడ్డింగ్‌ మళ్లీ వచ్చింది. ఈసారి వడ్డించింది బ్లూస్టాకింగే.

ఈ వ్యాసం రాసుకుంటున్న ఈ పొద్దుట మా ఇంట్లో గిన్నెలు తోముతున్నావిడ తన కూతురి ఇంటర్‌ ఫీజు గురించి నాతో మాట్లాడాలని రెండుసార్లు గుమ్మం దాకా వచ్చి, నేను రాసుకుంటున్నానని వెనక్కి వెళ్లింది. మోర్‌ని తప్పుపట్టిన పేరా దగ్గరే ఉన్నాను అప్పుడు.

ఈ మాటని తలెత్తుకుని కట్టుకున్నవాళ్లు జపాన్‌ స్త్రీలు. 1911 సెప్టెంబరులో హిరత్సుకా రైచో, ఆమె స్నేహితులు కలిసి 'సెయితో' అనే పత్రిక మొదలుపెట్టారు. సెయితో అంటే బ్లూస్టాకింగ్‌కి జపనీయుల అనువాదం. విమర్శకుడు ఇకుతా చోకో ఈ పేరు సూచించాడు. ఎలాగూ మిమ్మల్ని ఈ మాటతోనే వెక్కిరిస్తారు, మీరే ముందు పెట్టుకోండి అన్నాడు. కూతురి పెళ్లికని దాచిన డబ్బులోంచి రైచో తల్లి పత్రిక ఖర్చుకి ఇచ్చింది. ఈ విషయం చదివిన రోజు నాకు గుత్తొంకాయ మీద కోపం పోయింది. అబద్ధమాడే అమ్మలూ, పెళ్లి డబ్బు తీసిచ్చే అమ్మలూ వేర్వేరు కారేమో అనిపించింది. 1912లో ఒక కథ కారణంగా ఆ పత్రిక సంచికని ప్రభుత్వం నిషేధించింది. 1915లో సంపాదకత్వం ఇతో నోఎ చేతికి వచ్చింది, 1916లో పత్రిక ఆగింది. 1923లో, భూకంపం తర్వాతి అల్లకల్లోలంలో, మిలిటరీ పోలీసులు నోఎని, సహచరుడు ఒసుగిని, అతని ఆరేళ్ల మేనల్లుడిని చంపేశారు. ఆమెకి 28 ఏళ్లు.

నా దగ్గర ఇంకా తేలనిది అనువాదం సంగతి. బ్లూస్టాకింగ్‌ని తెలుగులో ఏమనాలి? విదుషి అంటే బిరుదులా శాలువా కప్పుకుని ఉంటుంది, అందులో కుట్టేదేమీ లేదు. మేధావి మాటకి స్త్రీలింగం లేదనుకుంటాం గానీ, మేధావుల సభ అని వార్త చదివితే మన కళ్లముందు ఎవరు కూర్చుంటారో అందరికీ తెలుసు. నీలి మేజోళ్లు అని మక్కీకి మక్కీ అనువదిస్తే మనకి మేజోళ్లే అలవాటు లేవు. ఇక నీలి అన్న మాట ఉంది చూశారూ, ఇంగ్లిషులో అది ముతక ఉన్ని రంగు, ఆడంబరం లేనితనం. మన దగ్గర నీలి సినిమా ఉంది. తెలుగులో స్త్రీవాద కవులు శరీరం గురించి, కాన్పు గురించి రాస్తే, దాన్ని నీలి కవిత్వం అన్న విమర్శకులున్నారు. 1993లో ఓల్గా సంపాదకత్వంలో వచ్చిన స్త్రీవాద కవితా సంకలనం పేరు 'నీలిమేఘాలు'.

ఆ పెద్దాయన రిటైరయ్యారు. మొన్నొక పెళ్లిలో కనిపించి, "ఏం రాస్తున్నావమ్మా ఈమధ్య?" అని ఆప్యాయంగా అడిగారు. మీరు పెట్టిన పేరు గురించేనండీ అన్నాను. ఆయనకి గుర్తులేదు. "ఏం పేరు పెట్టాను?" అన్నారు నిజంగానే ఆశ్చర్యపోతూ. చెప్పబోయేంతలో ఆయన భార్య వచ్చి, భోజనాలు వడ్డించేశారు రండి అని ఇద్దరినీ పిలిచింది.